సూర్యుడి గాలి, రత్తమ్మ బోరు

పిన్నీసుల డబ్బా

ఉద్యోగంలో చేరిన రోజు నేను చేసిన మొదటి పని, చీరకున్న పిన్నీసులన్నీ తీసి ఒక ప్లాస్టిక్ డబ్బాలో వెయ్యడం. తర్వాత జడపిన్నులు, చేతిగడియారం, ఇంటి తాళాలు, గొడుగు. మడమల్లో మేకులుంటాయని చెప్పులు కూడా గేటు దగ్గరే విప్పించారు. కుచ్చిళ్ళు జారిపోతాయేమోనని ఒక చేత్తో పట్టుకుని, ఇదేం ఉద్యోగం దేవుడా అనుకుంటూ లోపలికి నడిచాను.

నేను చీరాలలో మగ్గాల మధ్య పెరిగినదాన్ని. నాన్న నేత నేసేవాడు, అమ్మ చర్చిలో పిల్లలకి ఆదివారం బడి చెప్పేది. ఫిజిక్సులో ఎమ్మెస్సీ చేసి ఏదో ఒక కాలేజీలో పాఠాలు చెప్పుకుంటాననుకుంటే, గుంటూరుకీ ఒంగోలుకీ మధ్య మిరప చేల నడుమ ఉన్న ఈ అయస్కాంత కేంద్రంలో పని దొరికింది. భూమికున్న అయస్కాంత బలం క్షణక్షణానికీ ఎంత ఉందో కొలిచి దాచిపెట్టడమే ఇక్కడి పని. ఆ బలం ఊరికే మారదు. సూర్యుడి నుంచి వచ్చే గాలి తాకినప్పుడల్లా కదులుతుంది. ఆ కదలిక పట్టుకోవాలంటే చుట్టుపక్కల ఇనుము ఉండకూడదు.

అందుకే కొలిచే గదిలో ఇనప మేకు ఒక్కటి లేదు. తలుపు బందులు ఇత్తడివి, గొళ్ళెం ఇత్తడిది. నల్లరేగడి ఎండాకాలంలో నెర్రెలిచ్చి పరికరం నిలబెట్టిన దిమ్మెని ఒరగదీస్తుందని, అడుగున గట్టి గరుసు నేల తగిలేదాకా లోతుగా తవ్వి పునాది వేశారు. ఊళ్ళోవాళ్ళు దీన్ని ముల్లాఫీసు అనేవాళ్ళు, దిక్సూచి ముల్లుని చూసే ఆఫీసని.

ఈ పనిలోకి కొత్తగా వచ్చేవాళ్ళకి ఎవరో ఒకరు చెప్పాల్సిన సంగతులు కొన్ని ఉన్నాయి. ఇంక్రిమెంట్లు, బదిలీలు, ఫైళ్ళు మీకెలాగూ తెలుస్తాయి, వాటి జోలికి పోను. ఉద్యోగం పొడుగునా నాకు బాగా గుర్తున్నవి రెండు మూడు సంగతులే. అందులో పెద్దది మా కంచె పక్క చేను రత్తమ్మ పిన్ని బోరు వేయించిన సంగతి.

ఆ గాలి ఎక్కణ్ణించి వస్తుంది

రత్తమ్మకి రెండెకరాల సొంత చేను, మా కంచెని ఆనుకునే. భర్తకి నడుము పట్టేసి మంచానికే పరిమితం కావడంతో సేద్యమంతా ఆవిడ చేతిమీదే నడిచేది. నాకంటే పదేళ్ళు పెద్ద, గొంతు పెద్దది, మనసు అంతకంటే పెద్దది. నేను మధ్యాహ్నం క్యారేజీ విప్పితే కంచె అవతల నుంచే, "ఏందమ్మాయ్ ఇవాళ కూర?" అని అడిగేది. ఆవిడ మిరపకాయ పచ్చడి ఎన్నిసార్లు కంచె దాటి వచ్చిందో లెక్కలేదు. ఇత్తడి గిన్నెలోనే వచ్చేది, స్టీలు గిన్నె అయితే ఈ ఆఫీసుకి ఏమవుతుందోనని ఆవిడకి భయం. స్టీలుతో పెద్ద ఇబ్బంది లేదులే పిన్నీ అని చెప్పినా వినలేదు.

ఒకరోజు కలుపు తీస్తూ తల ఎత్తి అడిగింది. "అమ్మాయ్, నువ్వు సూర్యుడి గాలి సూర్యుడి గాలి అంటావు. నాకైతే ఎండ తగులుతుంది గానీ గాలి తగలట్లా. ఏ దిక్కు నించి వస్తది?"

మా పైవాళ్ళు ఎవరూ నన్ను ఇంత సూటిగా అడగలేదు. నాకు తెలిసినంత చెప్పాను. సూర్యుడి పైపొర పది లక్షల డిగ్రీలు దాటి కాగుతూ ఉంటుంది. అంత వేడికి అక్కడి వాయువు చితికి, కరెంటు ఉన్న సన్నటి రేణువులుగా విడిపోతుంది. సూర్యుడి ఆకర్షణ కూడా వాటిని పూర్తిగా పట్టి ఉంచలేదు. పైపొర అలా ఉబ్బి ఉబ్బి అన్ని వైపులకీ పారిపోతూనే ఉంటుంది. బయల్దేరేటప్పుడు నెమ్మదిగా ఉండి, పోనుపోను వేగం అందుకుంటుంది. మన దగ్గరికి వచ్చేసరికి సెకనుకి నాలుగు వందల కిలోమీటర్లు. పుట్టిన దగ్గర్నించి సూర్యుడు ఒక్క పూటైనా ఇది ఆపింది లేదు.

"మరి మనకి తగలదేం?"

"భూమి అయస్కాంతం అడ్డం పడుతుంది పిన్నీ. గాలి దాన్ని తోసి, పక్కలకి చీలి వెళ్ళిపోతుంది. ఆ తోపుడు ఎంతో మేం ఇక్కడ కూర్చుని చూస్తాం."

"అంటే కంచెకి పశువు రాసుకుంటే కంచె ఊగినట్టు."

అంతే పిన్నీ అన్నాను. నేను చదివిన పుస్తకాల్లో దీనికి నాలుగు పేజీలు పట్టింది.

ఇంకో సంగతి కూడా ఆ రోజే చెప్పాను, తర్వాత కథకి అదే కీలకం. గాలి అన్నిచోట్ల నించీ ఒకే వేగంతో రాదు. సూర్యుడి అయస్కాంత రేఖలు చాలా చోట్ల కమానుల్లా వంగి మళ్ళీ సూర్యుడిలోకే దిగుతాయి, అక్కడ గాలి చిక్కుకుని మెల్లగా బయటపడుతుంది. కొన్ని చోట్ల రేఖలు బయటికి తెరుచుకుని ఉంటాయి. అక్కణ్ణించి గాలి దాదాపు రెట్టింపు వేగంతో దూసుకొస్తుంది. సూర్యుడు తిరుగుతూ ఉంటాడు కాబట్టి ఆ ధార వంకర తిరుగుతుంది. బాపట్ల వైపు వేరుశనగ చేలల్లో తిరిగే స్ప్రింక్లరు చూసే ఉంటారు. ఒక్కో చుక్కా తిన్నగానే ఎగురుతుంది, ధార మాత్రం వంకీ తిరిగి కనిపిస్తుంది. ఆ వేగమైన ధార మనని తడిపి వెళ్ళి, సూర్యుడు ఒక చుట్టు తిరిగాక, అంటే ఇరవై ఏడు రోజులకి, మళ్ళీ మన మీదికి వస్తుంది.

మా గోడ మీద దానికొక పట్టీ ఉండేది. ఇరవై ఏడు గళ్ళు ఒక వరస, దాని కింద ఇంకో ఇరవై ఏడు. అలజడి ఉన్న రోజుకి నల్లరంగు వేసేవాళ్ళం. వరస కింద వరస పడేకొద్దీ నల్లగళ్ళు ఒకదాని కింద ఒకటి చేరి నిలువు చారలయ్యేవి. మా నాన్న నేసే గళ్ళ లుంగీ గుర్తొచ్చేది నాకు. చార ఎక్కడ పడుతుందో చూస్తే వచ్చే నెల ఏ రోజులు గడబిడో, ఏ రోజులు నెమ్మదో కాస్త ముందుగా చెప్పొచ్చు.

సూర్యుడికి ఆదివారం లేదు

మొదట్లో మాకొక పెద్దాయన అధికారిగా ఉండేవారు, మంచివారే గానీ ఆవేశం పాలు ఎక్కువ. పరికరం గీసే గీతలో ఏడు రోజులకొకసారి ఒక చిన్న గుట్టలాంటిది లేస్తోందని ఆయన కనిపెట్టారు. సూర్యుడిలో ఇంతవరకూ ఎవరూ చూడని కొత్త లయ ఇది అని, ఢిల్లీ దాకా చెప్పడానికి సిద్ధమైపోయారు. నాకేదో అనుమానంగా ఉంది గానీ పైకి అనడానికి ధైర్యం చాలలేదు.

ఒక ఆదివారం డ్యూటీ పడి చర్చికి వెళ్ళలేకపోయాను. పొద్దున్నే ఆఫీసు బయట నిలబడి చూస్తే, మా కంచె పక్కనున్న వేపచెట్టు నీడలో పాస్టరుగారి మోటార్ సైకిల్ ఆగి ఉంది. ఎండలో పెడితే సీటు కాలుతుందని ఆయన ప్రతి ఆదివారం దాన్ని అక్కడ పెట్టి, పక్కనే ఉన్న ఊరి చర్చిలో ఆరాధన అయ్యేదాకా ఉంచేవారట. అది అక్కడున్నంతసేపూ మా గుట్ట అలాగే ఉంది. ఆయన కిక్కు కొట్టి వెళ్ళిపోగానే గీత చదును అయిపోయింది.

వెళ్ళి పెద్దాయనకి చెప్పాను. ఆయన విని, కిటికీలోంచి వేపచెట్టు వంక చూసి, "అవునమ్మా, సూర్యుడికి ఆదివారం లేదు కదా" అని పగలబడి నవ్వారు. నాకాయన మీద అప్పటిదాకా ఉన్న గౌరవం రెట్టింపయింది. వింత ఏదైనా కనిపిస్తే ముందు కంచె చుట్టూ ఒకసారి నడిచి రండి, సూర్యుణ్ణి ఆ తర్వాత అడగొచ్చు. వేరే కేంద్రానికి ఫోన్ కొట్టడం కూడా మర్చిపోకండి. సూర్యుడు చేసిన పని అయితే వాళ్ళ దగ్గరా అదే నిమిషంలో కనపడుతుంది, పాస్టరుగారి బండి అయితే మనకొక్కళ్ళకే.

కొబ్బరికాయ లేచిన మూల

ఒక ఏడు వానలు ముఖం చాటేశాయి. మిరప మొదటి కోత అయ్యి, రెండో కోతకి కాయ పట్టే దశలో రత్తమ్మ పాత బోరు బురద కక్కి ఆగిపోయింది. మిరప సంగతి తెలిసినవాళ్ళకి చెప్పక్కర్లేదు. ఆ దశలో రెండు తడులు తప్పితే పూత రాలిపోతుంది, ఆ ఏడు పడ్డ కష్టమంతా మట్టిలో కలుస్తుంది.

ఆవిడ నీళ్ళు చూసే మనిషిని పిలిపించింది. అరచేతిలో కొబ్బరికాయ పడుకోబెట్టుకుని చేనంతా నడుస్తాడు, నీళ్ళున్నచోట కాయ నిలువుగా లేస్తుందని నమ్మకం. చేనంతా తిరిగినా కాయ కదల్లేదు. చివరికి సరిగ్గా మా కంచె మూల దగ్గరికొచ్చి నిక్కబొడుచుకుంది. మా కొలిచే గదికి ముప్ఫై మీటర్లుంటుందేమో. నేను లోపల నవ్వుకున్నాను. తర్వాత మా గోడ మీద నల్లగళ్ళ పట్టీ చూసి నవ్వు తగ్గించుకున్నాను. రేపటి సంగతి చెప్పబోయి బోల్తా పడ్డ రోజులు మాకూ తక్కువేం కాదు.

అప్పటి మా అధికారి చక్రపాణిగారు. నియమం అంటే నియమమే ఆయనకి. కేంద్రానికి అంత దగ్గరలో ఇనప కట్టడం ఉండకూడదు. మేము అభ్యంతరం చెబితే బోరు ఆగిపోతుంది. అది ఆవిడకీ తెలుసు. బోరు కుదరకపోతే చేను పోయినట్టే.

రత్తమ్మ గేటు దగ్గరికొచ్చి నిలబడింది. ఎప్పుడూ అరిచి మాట్లాడే మనిషి ఆ రోజు గొంతు తగ్గించింది.

"సారూ, మీ ముల్లు కదిలితే మీకు నష్టం, నాకు తెలుసు. కానీ నా చేను ఒకసారి చూసి చెప్పండి."

చక్రపాణిగారు వెళ్ళి చూశారు. మధ్యాహ్నం ఎండకి మిరప ఆకులన్నీ ముడుచుకుని, మొక్కలు తలలు వాల్చి ఉన్నాయి. ఆయన ఒక మొక్క ఆకు వేళ్ళ మధ్య పట్టుకుని చూశారు. ఆఫీసుకొచ్చి నన్ను పిలిచారు.

"సునందగారూ, అభ్యంతరం రాయడానికి నాకు చెయ్యి రావట్లేదు. దారేమన్నా ఉందా?"

ఇద్దరం కూర్చుని తేల్చాం. గొట్టం ఇనపది కాకుండా ప్లాస్టిక్‌ది దింపితే ఒక చిక్కు తీరుతుంది. మోటారు ఎటూ పాతాళంలో ఉంటుంది. స్టార్టరు పెట్టె చేనుకి అవతలి గట్టు మీద బిగిస్తే సరి. మిగిలింది బోరు వేసే లారీ. అదొక ఇనప కొండ. అది నిలబడ్డ రోజు మా కొలత చెడుతుంది, అందుకని సూర్యుడు నెమ్మదిగా ఉండే రోజు చూసి వేయించాలి. పట్టీ చూస్తే ఆ వారమంతా నల్లచార పడి ఉంది, వేగమైన ధార మన మీదుగా పోతోంది. అది దాటేదాకా ఆగమనాలి.

నేనే వెళ్ళి చెప్పాను. రత్తమ్మ విని, "మా పంతులు గారు రేపే మంచిదన్నాడే" అంది.

"మా సూర్యుడు పైవారం అంటున్నాడు పిన్నీ."

"పైవారమా! అందాకా ఆగుద్దా అమ్మాయ్ ఈ చెట్టు?" అని మొక్కల వంక చూసింది. కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. వెంటనే కొంగుతో తుడుచుకుని, "సరే, నువ్వన్నావు కాబట్టి" అంది.

ఆ వారం రోజులూ పక్క ఊరి చెరువు నుంచి ఆటోలో డ్రమ్ములు తెచ్చి, చెంబుతో ఒక్కో మొక్క మొదట్లో పోసింది. రోజూ కంచె ఇవతల నుంచి చూస్తూ క్యారేజీ విప్పడం నాకెంత కష్టమయ్యిందో మాటల్లో చెప్పలేను. ఒక్కసారి కూడా ఆవిడ నన్ను ఎప్పుడని అడగలేదు.

ఇనప కొండ

చెప్పిన రోజుకి ధార దాటిపోయింది, గీత నున్నగా ఉంది. సూర్యుడి మీద ఒకచోట పేలుడు జరిగిందని హెచ్చరిక వచ్చింది గానీ, అందులోంచి ఎగిరిన రేణువుల మబ్బు మన పక్కనుంచి పోతుందని అందులోనే రాశారు. పొద్దున్నే తమిళనాడు బోరు బండి వచ్చింది. నడిపేవాడు సెల్వం. తెలుగు కొంచెం వచ్చు, కోపం బాగా వచ్చు. మా కంచె వెంబడి ఉన్న డొంకలోంచి లోపలికి రావడం తప్ప ఆ చేనుకి ఇంకో దారి లేదు. లారీ కంచె పక్కగా దొర్లుతుంటే మా గీత పిచ్చెక్కినట్టు ఎగిరింది. మూలన నిలబడ్డాక ఒక మెట్టు ఎత్తున కుదురుకుంది. అనుకున్నదే కాబట్టి కంగారు పడలేదు.

బోరు సగం దిగింది. అప్పుడు దక్షిణాన ఉన్న మా ఇంకో కేంద్రం నుంచి ఫోన్.

"మేడమ్, మాకు పెద్ద గెంతు పడింది. మీకూ పడిందా?"

తెర వంక చూశాను. పడింది. పక్కనుంచి పోతుందన్న మబ్బు పక్కకి పోలేదు. పేలుడులో ఎగిరిన ఆ ముద్ద, ముందు నెమ్మదిగా పోతున్న గాలిని గుద్దుకుంటూ, తోసుకుంటూ వచ్చి భూమిని కొట్టింది. పట్టీలో ఉండేది తిరిగి తిరిగి వచ్చే ధారల లెక్కే. ఇలాంటివి పట్టీకి చెప్పి రావు. కొట్టిన కాసేపటికి, భూమి చుట్టూ చాలా పైన వడ్డాణం చుట్టినట్టు ఒక కరెంటు పారడం మొదలవుతుంది. దానివల్ల మన వైపు అయస్కాంత బలం పడిపోతూ ఉంటుంది. అదే తుఫాను. అంత పెద్దది నా ఉద్యోగంలో అంతకుముందు చూడలేదు. సరిగ్గా ఆ రోజే మా మూలన ఇనప కొండ.

చక్రపాణిగారు చెప్పులు కూడా వేసుకోకుండా చేలోకి పరుగెత్తారు, వెనకే నేను కంచె దాకా వెళ్ళాను. "తీసెయ్! బండి తీసెయ్! వెంటనే!"

సెల్వం మిషను ఆపి దిగాడు. "ఎట్లా తీస్తా సార్? రాడ్లు పైకి తీస్తే బోరు కూలిపోద్ది. మొత్తం పోద్ది."

రత్తమ్మ ఒకసారి ఆయన వంక, ఒకసారి నా వంక చూసింది. ఆ చూపు నాకు ఇప్పటికీ గుర్తే. వారం రోజులు నా మాట మీద ఆగిన మనిషి ఆవిడ.

"సార్, ఒక్క నిమిషం" అన్నాను. "బండి నిలబడి ఉంటే మన గీత ఒక మెట్టు ఎత్తు పెరుగుతుంది, అంతే. ఆ మెట్టు ఎంతో మనకి తెలుసు, తీసేసుకోవచ్చు. పాస్టరుగారి బండి నాడు చూశాను నేను. బండి కదిలితేనే ముప్పు. ఇప్పుడు డొంకలోంచి బయటికి తీస్తే మన గది పక్కనించే పోవాలి. తుఫాను వల్ల గీత పడుతుంటే, ఏది సూర్యుడిదో ఏది లారీదో దేవుడు కూడా చెప్పలేడు."

ఆయన నా వంక తిరిగారు. ఆయాసపడుతున్నారు. పదిమంది ముందు అరిచి చెప్పిన మాటని పదిమంది ముందే వెనక్కి తీసుకోవడం తేలిక కాదు. చాలామంది అధికారులు తీసుకోరు, తప్పని తెలిసినా ముందుకే పోతారు. చక్రపాణిగారు సెల్వం దగ్గరికి నడిచి, "నాదే తొందర బాబూ, కానివ్వు. రాడ్డు దింపినప్పుడల్లా ఒక కేక వెయ్యి, మేం గుర్తు పెట్టుకుంటాం" అన్నారు. ఆ తర్వాత నాకు ఎంతమంది అధికారులు వచ్చారో, అందరినీ నేను ఆ ఒక్క నిమిషంతో కొలిచాను.

సెల్వం కేక వేస్తూ పోయాడు. ముందు తెల్లటి రాతి పిండి లేచింది, తర్వాత బురద, ఆ తర్వాత ఒక్కసారిగా నీళ్ళు ఎగజిమ్మాయి. రత్తమ్మ ఆ బురద నీళ్ళలో తడుస్తూ నిలబడి గట్టిగా ఏడ్చింది. నేనూ కంచె ఇవతల ఏడ్చాను. ప్లాస్టిక్ గొట్టం దింపారు, బోరు నిలబడింది.

అక్కడితో ఆవిడ పని అయిపోయింది. మాది కాలేదు. తుఫాను అప్పుడప్పుడే ముదురుతోంది. పొద్దు వాలుతుండగా సెల్వం సామాను సర్ది బండెక్కాడు.

"వేరే ఊళ్ళో పని ఉంది మేడమ్. వాళ్ళు తిడతారు. పోవాలి."

నేనూ చక్రపాణిగారూ బతిమాలాం. వినలేదు. అతని తప్పేం లేదు, పొట్టకూటి కోసం అంతదూరం నుంచి వచ్చినవాడు. ఇంజను స్టార్టు చేశాడు.

అప్పుడు రత్తమ్మ, తడి చీరతోనే వెళ్ళి, లారీ ముందు చక్రానికి అడ్డంగా కాళ్ళు చాపుకుని కూర్చుంది.

"ఏయ్, లెయ్యమ్మా!"

"లెయ్యను. మా అమ్మాయి గాలి ఆగిందాకా నీ బండి కదలదు."

"గాలి ఎక్కడమ్మా? ఆకు కూడా కదల్లేదు!"

"నీకు కనపడకపోతే లేనట్టా? నాకూ కనపడదు. వారం రోజులు ఆగలా నేను?"

సెల్వం తల పట్టుకున్నాడు. తర్వాత ఇంజను కట్టేసి దిగాడు. ఆవిడ లేవకుండానే పక్కింటివాళ్ళకి కబురు పెట్టి, వేడన్నం, పప్పు, ఎండుమిరపకాయల పచ్చడి తెప్పించి, బండి కుర్రాళ్ళందరికీ కూర్చున్నచోటు నుంచే తన చేత్తో వడ్డించింది. పచ్చడి ఘాటుకి సెల్వం కళ్ళెంట నీళ్ళు కారుతుంటే, "తిను, తిను, ఇక్కడి కాయ ఇట్టాగే ఉంటది" అని ఇంకో ముద్దకి నెయ్యి వేసింది. తిట్టిన నోటితోనే అతను రెండోసారి అడిగి పెట్టించుకున్నాడు.

తెల్లారేసరికి గీత పడటం ఆగి, మెల్లగా పైకి లేవడం మొదలెట్టింది. నేను కంచె దగ్గరికి పరుగెత్తాను. రత్తమ్మ చక్రానికి ఆనుకుని కునుకుతోంది.

"పిన్నీ, తగ్గింది."

"తగ్గిందా?" అని మోకాళ్ళు పట్టుకుని లేచింది. చీర దులుపుకుని, లారీ మీద అరచేత్తో రెండు దెబ్బలు కొట్టింది. "పో నాయనా ఇంక. చల్లగా పో."

అనుకున్నది అనుకున్నట్టు జరగని రోజే ఈ పని అసలు ముఖం కనపడుతుంది. సూర్యుణ్ణి కొలవడానికి పరికరం ఒక్కటే చాలదు, కంచె అవతలివాళ్ళు మనవైపు ఉండాలి. వాళ్ళని నియమాలతో బెదిరించి దూరం చేసుకున్న కేంద్రాలు నాకు తెలుసు. అక్కడ కంచె పక్కన రోజూ ఏదో ఒక ట్రాక్టరు ఆగి ఉంటుంది.

గేటు దగ్గర

కిందటేడు రిటైరయ్యాను. ఆఖరి రోజు రత్తమ్మ గేటు దగ్గరికి వచ్చింది. ఇన్నేళ్ళలో ఒక్కసారి కూడా లోపలికి రాలేదావిడ, ఎంత పిలిచినా "నా దగ్గర ఏదో ఇనుముంటది, మీకెందుకు" అనేది. ఆ రోజు తనే అడిగింది.

"ఆ రోజు దేనికి కూర్చున్నానో ఒకసారి చూపించమ్మాయ్."

పిన్నీసులు తీసి డబ్బాలో వేసింది. నడుముకి దోపుకున్న కొడవలి తీసి కంచెకి ఆనించింది. తాళం చెవి. మట్టెలు వెండివి పిన్నీ, ఉండనివ్వు అన్నా తీసేసింది. కొంగు చేత్తో పట్టుకుని, నేను మొదటి రోజు నడిచినట్టే నడిచింది.

తెర మీద సన్నటి గీత ఒకటి మెల్లగా జరుగుతోంది. ఆవిడ దగ్గరికి వంగి చూసింది.

"ఇంతేనా?"

"ఇంతే పిన్నీ."

నేను ఆ తుఫాను రోజు గీత తీసి చూపించాను. నున్నగా ఉన్న గీత పొద్దున ఒక మెట్టు ఎక్కడం, తర్వాత గెంతు, తర్వాత లోతైన లోయ, మళ్ళీ పైకి లేవడం. "ఈ గెంతు సూర్యుడిది. ఈ మెట్టు నీ బోరు" అన్నాను. ఆవిడ ఆ మెట్టు మీద వేలు పెట్టి తడిమింది. ఆ బోరు ఇంకా నీళ్ళిస్తోంది. ఆ ఏడు మిరప నిలబడింది, ఆ తర్వాత ఏళ్ళలోనూ నిలబడింది.

"ఇది ఎప్పుడూ వస్తానే ఉంటదా?"

"ఆగదు పిన్నీ. సూర్యుడున్నన్నాళ్ళూ వస్తూనే ఉంటుంది."

"మరి రేపట్నించి నువ్వు రావుగా. ఎవరు చూస్తారు?"

పొద్దున్నించి పూలదండలూ ఉపన్యాసాలూ అయినా ఒక్క చుక్క రాల్చని దాన్ని, అప్పుడు కన్నీళ్ళు ఆపుకోలేకపోయాను. పక్కనే నిలబడ్డ కొత్తమ్మాయిని చూపించాను. ఆ నెలలోనే చేరింది, ఇంకా కుచ్చిళ్ళు చేత్తో పట్టుకునే నడుస్తోంది.

రత్తమ్మ ఆ పిల్లని కింద నుంచి పైదాకా చూసింది. దగ్గరికి పిలిచి, భుజం మీద చెయ్యి వేసింది.

"అమ్మాయ్, నేను ఆ పక్క చేలోనే ఉంటా. లారీ ఏదన్నా అడ్డమొస్తే నన్ను పిలువు."